కాలి ‘నరం’ మూసుకుపోయిందన్నారు. ఏడాదిగా నరాల మాత్రలు వాడుతున్నా నాయన వేలి పుండు ఎందుకు మానడం లేదు?

ప్రశ్న అడిగినవారు: పత్తియార్డు (ఆదోని)

అందరికీ నమస్కారం. మా నాయన వయసు 63 ఏళ్ళు. ఆదోని పత్తి మార్కెట్టు యార్డులో ముప్పై ఏళ్ళు గుమాస్తాగా పనిచేశారు. చక్కెర వ్యాధి వచ్చి 14 ఏళ్ళయింది. మెట్‌ఫార్మిన్, గ్లిమిపిరైడ్ వాడుతున్నారు. బీడీలు రోజుకు ఒక కట్టకు తక్కువ కావు. రెండేళ్ళుగా రాత్రిపూట అరికాళ్ళకు కారం పూసినట్లు మండుతోందని చెబుతున్నారు. అందుకు ఒక డాక్టరుగారు ప్రెగాబాలిన్ 75 మిల్లీగ్రాములు, మిథైల్‌కోబాలమిన్ కలిసిన మాత్ర రాశారు. మంట కొంత తగ్గింది కాబట్టి ఏడాదిగా ఆ పాత చీటీ చూపించే మందుల షాపులో కొంటున్నాం.

దానికి తోడు మరొకటి మొదలైంది. ఇంటి నుంచి యార్డుకు నడిచేటప్పుడు ఆయన కుడి పిక్క పట్టేస్తుంది. రెండు నిమిషాలు నిలబడితే వదిలేస్తుంది, మళ్ళీ అంతే దూరం పోగానే మళ్ళీ పట్టేస్తుంది. పోయిన సంక్రాంతికి టీ అంగడి దగ్గర ఒక్కసారి ఆగేవారు. ఇప్పుడు టీ అంగడి, సైకిలు షాపు, చింతచెట్టు, మూడు చోట్లా ఆగుతున్నారు. తెలిసినవాళ్ళతో మాట్లాడడానికి ఆగుతున్నారని మేము ఇన్నాళ్ళూ అనుకున్నాం. ఆ పొరపాటు మాదే.

ఏడు వారాల క్రితం కుడి బొటనవేలి అడుగున ఉన్న ఆనెకాయను ఆయన తానే బ్లేడుతో గీసుకున్నారు. అది పుండయింది. రోజూ కట్టు మార్చి, రెండు విడతలు యాంటీబయాటిక్ వాడినా రూపాయి బిళ్ళంత పుండు అలాగే ఉంది. నొప్పి మాత్రం లేదంటారు. మొదటి డాక్టరుగారు ఇది ‘నరాల బలహీనత’ అన్నారు. ఇంకొక ఆసుపత్రిలో చూపిస్తే ‘కాలి నరం మూసుకుపోయినట్లుంది’ అన్నారు, కానీ అక్కడే చీలమండ దగ్గర, చేతి దగ్గర బీపీ పట్టీ వేసి కొలిచి, కాలిలో 210, చేతిలో 140, నిష్పత్తి 1.5, ‘రక్తప్రసరణ సాధారణం’ అని చీటీ ఇచ్చారు. రెండూ నరాల జబ్బే అయినప్పుడు, రక్తప్రసరణ కూడా బాగున్నప్పుడు, నరాల మాత్ర మోతాదు పెంచితే సరిపోతుందా? నడిస్తే మంచిదని ఒకరు, అడుగు కింద పెట్టవద్దని ఒకరు చెబుతున్నారు. ఎవరి మాట వినాలో తెలియడం లేదు. అనుభవం ఉన్నవారు దయచేసి చెప్పండి.


సమాధానం: కత్తెర_సూది (కర్నూలు)

నేను కర్నూలులో జనరల్ సర్జరీ చేసే వైద్యుడిని. రక్తనాళాల ప్రత్యేక నిపుణుడిని కాను గాని, ఇటువంటి కాళ్ళు వారానికి నాలుగైదు చూస్తుంటాను. పరీక్షించకుండా మందు రాయడం పద్ధతి కాదు కాబట్టి, మీరు తదుపరి వైద్యుణ్ణి ఏమి అడగాలో తెలిసేందుకే ఇది రాస్తున్నాను.

మొదట మాట దగ్గరే చిక్కు ఉంది. మన తెలుగులో ‘నరం’ అన్నది రెండింటికీ వాడతాం. సెలైన్ పెట్టేటప్పుడు ‘నరం దొరకడం లేదు’ అంటాం, అది రక్తనాళం. ‘నరాల డాక్టరు’ అంటాం, అక్కడ మాత్రం స్పర్శను, నొప్పిని మెదడుకు మోసే తంతువు. మీ మొదటి డాక్టరు చెప్పిన నరం ఆ తంతువు. రెండవ ఆసుపత్రిలో చెప్పిన నరం రక్తం మోసే గొట్టం, అంటే ధమని. జబ్బులు రెండు, మందులు వేరు. మీ నాయనగారికి రెండూ ఉన్నట్లు మీరు రాసిన దాన్ని బట్టే అనిపిస్తోంది, అందులోనూ ఒక జబ్బు రెండవదాన్ని దాచిపెడుతోంది. ధమని మూసుకుపోయి వేలికి రక్తం అందకపోతే మామూలు మనిషి రాత్రిళ్ళు నిద్రపోలేనంత నొప్పితో అల్లాడిపోతాడు. స్పర్శ పోయిన కాలికి ఆ నొప్పే తెలియదు. ‘నొప్పి లేదంటారు’ అన్న మీ మాట ఊరటనిచ్చేది కాదు, నాకు అన్నింటికంటే కలవరం కలిగించినది అదే.

ఇక ఆ 1.5 అన్న అంకె సంగతి. చీలమండ దగ్గరి పై రక్తపోటును చేతి పై రక్తపోటుతో భాగిస్తే వచ్చే నిష్పత్తి 1.0 నుంచి 1.4 మధ్య ఉంటే సాధారణం, 0.90 లేదా అంతకంటే తక్కువైతే ధమని ఇరుకైనట్లు. 1.4 దాటితే అది ఆరోగ్యం కాదు. చక్కెర వ్యాధి ఏళ్ళ తరబడి ఉన్నవారికి పిక్క కింది ధమనుల గోడల్లో సున్నం పేరుకుపోయి, తోటకు నీళ్ళు పెట్టే రబ్బరు పైపు కాస్తా ఇనుప పైపులాగా గట్టిపడుతుంది. పట్టీలో ఎంత గాలి కొట్టినా ఆ గొట్టం నొక్కుకోదు. అందుకే కొలత ఎక్కువగా వస్తుంది, లోపల రక్తం పారుతోందా లేదా అన్నది ఆ కొలత చెప్పదు. ఆ చీటీ మీద ‘సాధారణం’ అని రాసినవారు అంకె తక్కువగా లేదని మాత్రమే చూసినట్లున్నారు.

కాలి వేళ్ళ చిన్న ధమనులు సాధారణంగా ఇంతగా గట్టిపడవు. కాబట్టి బొటనవేలికి చిన్న పట్టీ వేసి రక్తపోటు కొలవమని అడగండి. అది 30 మిల్లీమీటర్లకు లోపు ఉంటే పుండు తనంతట తాను మానడం చాలా కష్టం, ఆలస్యం చేయకుండా రక్తనాళాల నిపుణుడు చూడాలి. దానితో పాటు కాలి ధమనుల డూప్లెక్స్ డాప్లర్, అంటే ధ్వని తరంగాలతో రక్తం పారే తీరు చూసే స్కాన్, చేయించాలి. ఆరోగ్యంగా ఉన్న ధమని మీద డాప్లర్ పెన్ను పెడితే ప్రతి గుండె దెబ్బకూ రెండు మూడు దరువులు విడివిడిగా వినబడతాయి. పైన ఎక్కడో మూసుకుపోయిన కాలిలో గాలి ఈలలాగా ఒకటే సన్నని చప్పుడు సాగుతుంది. మీరు పక్కనే నిలబడి వినండి, తేడా మీకే తెలుస్తుంది. పుండులో మొండి సూది పెట్టి ఎముక తగులుతుందేమో చూడడం, ఒక ఎక్స్‌రే, కిడ్నీల పనితీరు తెలిపే క్రియాటినిన్ రక్తపరీక్ష కూడా అవసరం.

అన్నింటికంటే ముందు చేయవలసినది రక్తం దారి తెరవడం. రక్తం చేరని వేలికి ఎంత ఖరీదైన యాంటీబయాటిక్ వాడినా, మందు పుండు దాకా పోవడానికి కూడా ఆ రక్తమే దారి కదా. దారి తెరవడానికి రెండు పద్ధతులున్నాయి. ఒకటి, తొడ మూలంలో సూదితో ధమనిలోకి సన్నని తీగ పంపి, ఇరుకైన చోట బెలూన్ ఉబ్బించడం. అవసరమైతే స్టెంట్ పెడతారు, కాని మోకాలి కింది సన్నని ధమనుల్లో ఎక్కువసార్లు బెలూన్‌తోనే సరిపెడతారు. చాలావరకు స్థానిక మత్తు చాలు. రెండవది బైపాస్. తొడ, పిక్క లోపలివైపున పైకి పోయే పొడవాటి సిరను (గుండెకు తిరిగి రక్తం మోసే నాళాన్ని) తీసి, మూసుకున్న భాగాన్ని దాటించి కుడతారు. 2022లో వెలువడిన బెస్ట్-సీఎల్ఐ అధ్యయనంలో మంచి సిర ఉన్నవారికి బైపాస్ మేలని తేలింది; 2023లో వచ్చిన బాసిల్-2 అధ్యయనంలో మోకాలి కింది ధమనుల విషయంలో బెలూన్ వైపే మొగ్గు కనిపించింది. కాబట్టి ఏది మీ నాయనకు తగినదో ఆయన ధమని ఎక్కడ, ఎంత పొడవున మూసుకుందో, సిర ఎలా ఉందో, గుండె ఎంత తట్టుకుంటుందో చూసే నిర్ణయించాలి. ‘స్టెంట్ వేస్తారా’ అని అడిగేకంటే ‘యాంజియోగ్రామ్‌లో (ధమనిలోకి రంగు మందు ఎక్కించి తీసే ఎక్స్‌రేలో) పాదం దాకా ఏ ధమని తెరిచి ఉంది’ అని అడగండి.

చిన్న సంగతి ఒకటి. ధమనిని కోయకుండా లోపలి నుంచి తెరవడం అన్నది గుండెతో మొదలుకాలేదు, కాలితోనే మొదలైంది. 1964 జనవరి 16న అమెరికాలోని పోర్ట్‌లాండ్‌లో చార్లెస్ డాటర్ అనే రేడియాలజీ వైద్యుడు, కాలు తీయించుకోనని పట్టుబట్టిన 82 ఏళ్ళ ముసలామెకు తొడ ధమనిని గొట్టాలతో తెరిచాడు. ఆమె కాలు నిలిచింది. మన దగ్గర కుటుంబాలు ‘వయసైపోయింది, ఇంకేం చేయిస్తాం’ అంటుంటే నాకు ఆమె గుర్తుకొస్తుంది.

ఏ పద్ధతి ఎంచుకున్నా జీవితాంతం కొనసాగవలసిన మందులు ఉంటాయి. రక్తం గడ్డకట్టకుండా ఆస్పిరిన్ 75 లేదా క్లోపిడోగ్రెల్ 75, కొవ్వుకు అటోర్వాస్టాటిన్ 40 నుంచి 80 మిల్లీగ్రాములు. కొందరికి ఆస్పిరిన్‌తో పాటు రివరాక్సబాన్ 2.5 మిల్లీగ్రాములు రోజుకు రెండుసార్లు ఇస్తారు; రక్తస్రావ భయం చూసుకొని ఇవ్వవలసిన మందు అది. కొవ్వు పరీక్షలో అంతా బాగానే ఉంది కదా అని స్టాటిన్ మానేసేవారిని చాలామందిని చూశాను. ఈ జబ్బులో ఆ మాత్ర ఉద్దేశం చీటీ మీది అంకెను తగ్గించడం ఒక్కటే కాదు, గుండెపోటును, పక్షవాతాన్ని దూరం పెట్టడం కూడా. కాలి ధమనులు మూసుకున్నవారి ప్రాణం మీదికి వచ్చేది ఎక్కువగా గుండె నుంచే.

బీడీ సంగతి మీకు తెలియనిది కాదు. మానకపోతే తెరిచిన ధమని మళ్ళీ మూసుకుంటుంది.

ఒక్క హెచ్చరిక. కాలు హఠాత్తుగా చల్లబడి, తెల్లబారి, కదలిక తగ్గితే అది రక్తపు గడ్డ అడ్డుపడిన లక్షణం. కండరాలు ఆరు గంటలకు మించి తట్టుకోవడం కష్టం. ఆదోని నుంచి కర్నూలు దాదాపు 100 కిలోమీటర్లు, కాబట్టి తెల్లవారేదాకా చూద్దామనుకోవద్దు. జ్వరంతో పుండు వాసన వచ్చినా, ఎరుపు పాదం మీదికి పాకినా అంతే.


సమాధానం: వేపనీడ (డోన్)

డాక్టరుగారు చెప్పినవన్నీ ఖర్చుతో కూడిన పనులు. మా అబ్బకు ఇదే మంట ఉండేది. రాత్రిపూట ఉప్పు వేసిన వేడినీళ్ళలో కాళ్ళు పెట్టి, తరువాత ఆముదం పట్టించి మర్దన చేసేవాళ్ళం. రక్తం కదిలి హాయిగా నిద్రపోయేవాడు. ముందుగా పది రోజులు అది చేసి చూడండి.


సమాధానం: పెన్నఒడ్డు (ప్రొద్దుటూరు)

పై సలహాను దయచేసి పాటించవద్దు. మీ అబ్బగారికి మేలు జరిగిందంటే సంతోషమే, ఆయనకు స్పర్శ మిగిలి ఉండి ఉంటుంది. మా అమ్మకు లేదు. నాలుగేళ్ళ క్రితం ఆమె పాదాలను నేనే వేడినీళ్ళ బకెట్లో పెట్టాను. ‘సరిపోయిందా అమ్మా’ అంటే ‘గోరువెచ్చగా ఉంది, ఇంకొంచెం పొయ్యి’ అంది. పోశాను. మరునాడు తెల్లవారి కాలి వేళ్ళ మీద, పాదం అంచున నిమ్మకాయంత బొబ్బలు లేచి ఉన్నాయి, ఆమె వాటిని చూసుకుంటూ ఎక్కడివో తెలియక నా ముఖంలోకి చూసింది. మూడు నెలలు కట్లు కట్టించాం. ఎండాకాలం బేతంచెర్ల బండలు పరిచిన పెరట్లోకి చెప్పులు లేకుండా పోయినా అంతే జరుగుతుందని, గుడిలో ప్రదక్షిణలు పొద్దు పొడవకముందే ముగించమని అప్పుడు డాక్టరమ్మ చెప్పింది. రాయలసీమ ఎండ గురించి మీకు నేను చెప్పనక్కరలేదు.

ఆ ఆసుపత్రిలో చేసిన పరీక్ష ఒకటి చెబుతాను, ఎందుకంటే దానికి ఖర్చేమీ లేదు, అయినా అంతకుముందు మేము తిరిగిన రెండు చోట్ల ఎవరూ చేయలేదు. చేప గాలపు దారంలాంటి నైలాన్ పోగును పాదం మీద ఆనించి అది విల్లులా వంగేదాకా నొక్కుతారు. అప్పుడు పాదం మీద పడే బరువు 10 గ్రాములు. అమ్మను కళ్ళు మూసుకోమని, తగిలినప్పుడు చెప్పమన్నారు. పది చోట్ల పెడితే అమ్మ మూడు చోట్లే ‘ఊఁ’ అంది. బొటనవేలి కింద పెట్టినప్పుడు ఆ పోగు వంగడం నాకు కనిపిస్తోంది, అమ్మ మాత్రం ‘ఇంకా పెట్టలేదా’ అని అడుగుతోంది. తరువాత శ్రుతిదండాన్ని మోగించి చీలమండ ఎముక మీద పెట్టారు, ఆ అదురూ తెలియలేదు. మంట ఉన్న కాలికే స్పర్శ ఎలా పోతుందని అడిగితే, చెడుతున్న నరం ఒకవైపు లేని మంటను పుట్టిస్తూ, మరోవైపు ఉన్న వేడిని చెప్పడం మానేస్తుందని ఆమె వివరించింది.

మీరు ఏడాదిగా పాత చీటీతో కొంటున్నానన్నారు కాబట్టి మందుల గురించి కూడా రాస్తాను. ప్రెగాబాలిన్, డులోక్సెటిన్, అమిట్రిప్టిలిన్, ఈ మూడింటిలో ఏది ఇచ్చినా మంటను తగ్గించడానికే. చెడిన నరాన్ని బాగుచేసే మందులు కావవి. మా అమ్మకు ప్రెగాబాలిన్‌తో కాళ్ళు వాచి, పగలంతా తూగుతుంటే, క్రియాటినిన్ చూసి మోతాదు తగ్గించారు, ఎందుకంటే ఆ మందు కిడ్నీ ద్వారానే బయటికి పోతుంది. ఒక్కసారిగా మానకూడదు కూడా. మిథైల్‌కోబాలమిన్ సంగతి వేరు. అది బీ12 విటమిన్. మెట్‌ఫార్మిన్ ఏళ్ళ తరబడి వాడితే బీ12 తగ్గవచ్చు, తగ్గితే అదే కాళ్ళ తిమ్మిరికి ఒక కారణం. రక్తపరీక్షలో తక్కువ ఉంటే వాడితే గుణం కనిపిస్తుంది, లేకపోతే ఊరికే మింగుతున్నట్లు. అమ్మకు తక్కువే ఉంది, సూదులు వేయించాక తిమ్మిరి కొంత తగ్గింది.

ఇంకొక మాట చెప్పడానికి కొంచెం వెనకాడుతున్నాను. స్పర్శ లేని ప్రతి కాలూ చక్కెర వ్యాధిదే కానక్కరలేదు. చర్మం మీద పాలిపోయిన మచ్చ, మోచేతి వెనక నరం తాడులా లావెక్కడం కనిపిస్తే కుష్ఠు కోసం కూడా చూడాలి. దానికి ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఆరు నెలలో, పన్నెండు నెలలో ఉచితంగా మందులిస్తారు. దాచుకుంటే నష్టం మనకే.


సమాధానం: వేరుశెనగ (అనంతపురం)

అన్నా, మాది వేరే కథ. మా తమ్ముడికి 34 ఏళ్ళు, చక్కెర లేదు, బీపీ లేదు. పదిహేనో ఏట నుంచి బీడీ. రెండేళ్ళ క్రితం ఎడమకాలి చిటికెనవేలు నల్లబడింది. నిద్ర పట్టేది కాదు. మంచం మీద నుంచి కాలు కిందికి వేలాడేసుకుంటేనే కాస్త ఉపశమనం. అప్పుడు మాకు తెలియదు గాని, అలా వేలాడేస్తే ఉపశమనం కలగడం రక్తం అందని కాలి గుర్తు అట. నరాల మంట ఉన్నవారికి దుప్పటి తగిలినా చికాకుగా ఉండి, చల్లని బండ మీద కాలు పెట్టాలనిపిస్తుందట.

యాంజియోగ్రామ్‌లో మోకాలి కింది ధమనులు మూసుకుపోయి, వాటి పక్కన కార్కు తీసే మరలాగా మెలికలు తిరిగిన సన్నని నాళాలు కనిపించాయి. బర్గర్ వ్యాధి అన్నారు. చిన్నవయసులో పొగాకు వాడేవారికి వచ్చేది. లియో బర్గర్ అనే వైద్యుడు 1908లో దీన్ని వివరంగా రాశాడని మా డాక్టరుగారు చెప్పారు. కింద తెరిచి ఉన్న ధమని లేదు కాబట్టి బెలూన్‌కూ, బైపాస్‌కూ చోటు లేదు. రక్తనాళాలను వెడల్పు చేసే ప్రోస్టాగ్లాండిన్ రకం మందును రోజూ సెలైన్‌లో కొన్ని వారాలు ఎక్కించారు. దాంతో నొప్పి తగ్గింది. కానీ డాక్టరుగారు మొదటి రోజే ‘నా దగ్గర ఉన్న మందుల్లో మొదటిది నీ జేబులో ఉంది, దాన్ని పారెయ్యి’ అన్నారు. మావాడు బీడీ మాని గుట్కాకు మారాడు, అదేదో తగ్గించినట్లు. నాలుగు నెలల్లో రెండో వేలు. అప్పుడు రెండూ మానాడు, నికోటిన్ బిళ్ళల జోలికీ పోవద్దన్నారు ఈ జబ్బులో. ఆ తరువాత మూడో వేలు పోలేదు.

మీ నాయనగారి వయసుకు, చక్కెరకు ఇది బర్గర్ కాదు, మామూలుగా కొవ్వు పేరుకొని మూసుకున్నదే అయి ఉంటుంది. మీ నాయన మానలేనంటే డాక్టరును అడిగి నికోటిన్ బిళ్ళలో, వరెనిక్లిన్ మాత్రలో వాడి చూడండి. అవి మీ నాయనకు పనికొస్తాయి, మావాడికి కాదు, ఆ తేడా గుర్తుంచుకోండి.

డబ్బు గురించి ఎవరూ రాయలేదు. ఆసుపత్రికి పోగానే డాక్టరు గదికి కాదు, ముందు ఆరోగ్యమిత్ర కూర్చునే బల్ల దగ్గరికి రేషన్ కార్డు, ఆధార్ పట్టుకొని పోండి. ఎన్టీఆర్ వైద్య సేవ కింద మీకు రాసిన చికిత్స ఆ ఆసుపత్రిలో వర్తిస్తుందో లేదో చేరకముందే రాయించుకోండి. మేము చేరిన తరువాత అడిగాం, అప్పటికే కొంత చేతి నుంచి పెట్టుకున్నాం. రక్తనాళాల నిపుణుడు ప్రతి ఊళ్ళో ఉండడు, ఉన్నచోట కూడా వారానికి ఒకటి రెండు రోజులే వస్తుంటాడు. ఫోన్ చేసి కనుక్కున్నాకే బండెక్కండి.


సమాధానం: నడక_లెక్క (కడప)

నేను ఫిజియోథెరపిస్టును. నడవాలా వద్దా అన్న మీ ప్రశ్నకు మాత్రమే జవాబిస్తాను. మీకు ఇద్దరూ నిజమే చెప్పారు, కాని ఇద్దరు వేర్వేరు కాళ్ళ గురించి చెప్పారు.

పుండు లేకుండా, నడిస్తే పిక్క పట్టేయడం మాత్రమే ఉన్నవారికి నడకే మందు. పద్ధతి ఉంది. నొప్పి మొదలైన వెంటనే ఆగకుండా, అది గట్టిగా అనిపించేదాకా నడిచి, ఆగి, పూర్తిగా తగ్గాక మళ్ళీ నడవాలి. విరామాలు కలుపుకొని 30 నుంచి 45 నిమిషాలు, వారానికి కనీసం మూడు రోజులు, కనీసం 12 వారాలు. ధమని తెరుచుకోదు గాని, కండరం ఉన్న రక్తాన్ని పొదుపుగా వాడుకోవడం నేర్చుకుంటుంది. నా దగ్గరికి వచ్చే ఒక పెద్దాయన కరెంటు స్తంభాలు లెక్కపెట్టుకుంటారు. ఐదో స్తంభం దగ్గర ఆగేవారు, మూడు నెలలకు పదకొండో స్తంభం దాకా పోయారు. సిలోస్టాజోల్ అనే మాత్ర కూడా నడిచే దూరాన్ని పెంచుతుంది, గుణం తెలియడానికి 12 వారాల దాకా పట్టవచ్చు. గుండె వైఫల్యం ఉన్నవారికి అది ఇవ్వకూడదు. గ్యాస్ మాత్రగా ఒమెప్రజోల్ వాడుతున్నారని డాక్టరుకు తప్పక చెప్పండి, అప్పుడు సిలోస్టాజోల్ మోతాదు సగానికి తగ్గించవలసి ఉంటుంది. గ్యాస్ మాత్రను మనం మందుగా లెక్కపెట్టం కాబట్టి ఎవరూ చెప్పరు.

మీ నాయనకు అడుగున పుండు ఉంది కాబట్టి ఈ నడక ఇప్పుడు పనికిరాదు. ప్రతి అడుగూ ఆ పుండునే నొక్కుతుంది. స్పర్శ లేని పాదానికి పుండు పడడానికి కారణం శాపమో, రక్తదోషమో కాదని, నొప్పి తెలియక ఒకేచోట మళ్ళీ మళ్ళీ పడే ఒత్తిడేనని వెల్లూరులో పాల్ బ్రాండ్ అనే శస్త్రవైద్యుడు కుష్ఠు రోగుల చేతులు, పాదాలు చూసి తేల్చాడు. ఆ బరువును తప్పించడానికే మోకాలి కింది నుంచి పాదం మొత్తానికి అతుక్కునే కట్టు వేస్తారు. అయితే రక్తప్రసరణ బాగా తక్కువ ఉన్న కాలికి, చీము ఉన్న కాలికి తీయడానికి వీలులేని కట్టు వేయకూడదు. అందుకే దారి తెరిచాకే దాని సంగతి. అంతవరకు చేతికర్ర, తీసిపెట్టుకునే బూటు, ఇంట్లోనే మెలగడం.

నడిచేటప్పుడు పిక్కలు పట్టేయడం అన్నిసార్లూ ధమని వల్లనే కాదని కూడా చెప్పాలి. వెన్నుపాము కాలువ ఇరుకైనవారికీ నడిస్తే కాళ్ళు లాగుతాయి. వాళ్ళకు ఊరికే నిలబడితే తగ్గదు, కూర్చోవాలి, లేదా ముందుకు వంగాలి; సైకిలు హ్యాండిల్ మీద వాలి ఎంత దూరమైనా పోగలరు. మీ నాయన నిలబడితే చాలు తగ్గుతుందన్నారు, కాబట్టి ధమని వైపే అనుమానం బలంగా ఉంది.


ప్రశ్న అడిగినవారు: పత్తియార్డు (ఆదోని)

మూడు వారాల తరువాత రాస్తున్నాను, ఆలస్యానికి మన్నించండి. మీ సమాధానాలు చదివిన రోజే ‘చెన్నైకో, బెంగళూరుకో ఎందుకు, మానుతుందిలే’ అని నాయన అన్నారు, కాని నేను వినలేదు. కర్నూలులో చూపించాం. బొటనవేలి రక్తపోటు 28 వచ్చింది. చీలమండ దగ్గర పట్టీలో 240 దాకా గాలి కొట్టినా డాప్లర్ చప్పుడు ఆగలేదు, అక్కడి అమ్మాయి పట్టీ విప్పేసి ‘ఇది నొక్కుకోదు సార్’ అంది. యాంజియోగ్రామ్‌లో తొడ ధమని కింది భాగంలో ఒకచోట, పిక్క కింద రెండు ధమనుల్లో అడ్డు కనిపించింది. గుండె స్కాన్ కూడా చూసి, సిర సన్నగా ఉందని బైపాస్ వద్దనుకొని, బెలూన్ చేశారు. పైన ఒక స్టెంట్ పెట్టారు, కింద ఒక ధమని పాదం దాకా తెరుచుకుంది, రెండవది తెరుచుకోలేదు. నాయన మెలకువగానే ఉన్నారు. బెలూన్ ఉబ్బించినప్పుడు పిక్కలో బరువు తెలిసిందని, తరువాత పాదం వెచ్చబడిందని చెప్పారు. చెయ్యి పెట్టి చూస్తే నిజంగానే రెండు పాదాలకూ ఇప్పుడు ఒకే వెచ్చదనం.

వారం తరువాత వేలి రక్తపోటు 52. పుండు అడుగున ఎర్రటి కణజాలం కనిపిస్తోందని, అంచులు లోపలికి వస్తున్నాయని అన్నారు. ఎముకకు చీము పట్టలేదు. బీ12 తక్కువే ఉంది. ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్ రెండూ కొన్నాళ్ళు, తరువాత ఒకటి అన్నారు. బీడీలు రోజుకు రెండుకు తగ్గాయి; సున్నా అయ్యేదాకా ఇంట్లో అమ్మ లెక్క రాస్తోంది.

ఒక సందేహం మాత్రం మిగిలింది. ఇంట్లో నాలుగు అడుగులు వేస్తే పిక్క పట్టడం లేదు, కాని రాత్రి మంట రవ్వంత కూడా తగ్గలేదు. ధమని తెరిచినా మంట ఎందుకు పోలేదని నాయన ప్రతి రాత్రీ అడుగుతున్నారు. బెలూన్ సరిగా పని చేయలేదా?


సమాధానం: కత్తెర_సూది (కర్నూలు)

పని చేసింది. 28 నుంచి 52 కావడం, పిక్క పట్టకపోవడం అందుకు గుర్తులు. మంట ధమనిది కాదు, నరపు తంతువుది. ఎన్నో ఏళ్ళు చక్కెరతో పాడైన తంతువు రక్తం రాగానే కోలుకోదు. దానికి ప్రెగాబాలిన్ మోతాదు క్రియాటినిన్ చూసి సరిచేయడం, సరిపోకపోతే డులోక్సెటిన్‌కు మార్చడం, బీ12 భర్తీ చేయడం, చక్కెరను నెమ్మదిగా అదుపులోకి తేవడం అనే వేరే దారి ఉంది. నెమ్మదిగా అన్న మాటను గట్టిగా పట్టుకోండి. చాలా ఎక్కువగా ఉన్న చక్కెరను కొద్ది వారాల్లోనే బాగా కిందికి లాగితే కొందరికి మంట పెరుగుతుంది. అమిట్రిప్టిలిన్ మాత్రం, ఆయనకు మూత్రం సన్నగా వస్తుంటే, ప్రోస్టేట్ సంగతి చెప్పకుండా మొదలుపెట్టనివ్వకండి.

పుండు మానాక మామూలు రబ్బరు చెప్పులకు తిరిగి పోవద్దు. మెత్తని ఎం.సి.ఆర్. (మైక్రో సెల్యులార్ రబ్బరు) అడుగున్న, వెనక పట్టీ ఉన్న చెప్పులు కొలత ఇచ్చి చేయించండి. కొలత సాయంత్రం ఇవ్వాలి, అప్పటికి పాదం కాస్త వాచి ఉంటుంది. తెరిచిన ధమని మళ్ళీ ఇరుకు కావడం సాధారణమే కాబట్టి, మొదటి నెలకు, తరువాత మూడు నెలలకు డాప్లర్ చేయించండి. పుండు మానడం మధ్యలో ఆగిపోతే ఆ తేదీ దాకా కూడా ఆగవద్దు.


ప్రశ్న అడిగినవారు: పత్తియార్డు (ఆదోని)

ధన్యవాదాలు సార్. డులోక్సెటిన్ గురించి గురువారం అడుగుతాం. చెప్పుల కొలత నిన్న సాయంత్రమే ఇచ్చి వచ్చాం. ఎడమ పాదం కంటే కుడి పాదం అర అంగుళం వెడల్పు ఉందని చెప్పులు కుట్టే ఆయన చూపించేదాకా ఇంట్లో ఎవరమూ గమనించలేదు. బ్లేడు మాత్రం అమ్మ దాచేసింది, ఆనెకాయ మళ్ళీ వస్తే ఆసుపత్రిలోనే తీయిస్తామని నాయన దగ్గర మాట తీసుకుంది.